అరువు గొంతు

గొంతు ఆవిడదే. అందులో పేచీ లేదు. పోలీసుల ల్యాబు కూడా ఆ మాటే తేల్చి చెప్పింది. పేచీ అల్లా ఆ గొంతు పలికిన మాటల దగ్గరే.

"నాకేమైనా అయితే దానికి కారణం మా ఆయనే. ఆయనకి నా మీద ఉన్న ఏడుపు బిందెలతో తోడినా తరగదు. ఈ మెట్లు దిగాలంటేనే భయమేస్తోంది."

మూడే ముక్కలు. సినిమా ఎడిటరు కత్తెర ఫోనులో దొరికాయి. కత్తెర అనేది ఆవిడ పని చూసి ఫీల్డువాళ్ళు పెట్టిన పేరు. అసలు పేరు బ్యాంకువాళ్ళకి తప్ప ఎవరికీ గుర్తులేదు. వారం కిందట ఆవిడ తన ఎడిటింగ్ గది వెనకాల ఉన్న ఇనప మెట్ల మీంచి పడి తల పగలగొట్టుకుంది. అప్పట్నుంచి ఆసుపత్రిలో తెలివి లేకుండా ఉంది. ఫోనులో ఆ మూడు ముక్కలు దొరగ్గానే ఇన్‌స్పెక్టరు సినిమా రచయిత అయిన ఆవిడ మొగుణ్ణి లాకప్పులో వేశాడు. సాయంత్రం కోర్టుకి తీసుకెళ్ళబోతున్నాడు.

ఆ ఇన్‌స్పెక్టరు మన డిటెక్టివ్‌కి స్వయానా బావమరిది. పెళ్ళాం తమ్ముడు. ఒకప్పుడు ఇద్దరూ ఒకే స్టేషన్లో పనిచేశారు. వేలిముద్ర ఎలా ఎత్తాలో, దొంగని ఎక్కడ తిట్టాలో, ఎక్కడ టీ ఇప్పించాలో నేర్పింది తనే. తీరా కుర్చీ ఖాళీ అయితే అందులో కూర్చున్నది వాడు. తను ఉద్యోగానికి ఒక దణ్ణం పెట్టి బయటికొచ్చి సొంతంగా బోర్డు కట్టుకున్నాడు. ఏకు మేకై కూర్చున్నాడని ఇప్పటికీ భోజనం దగ్గర అంటూనే ఉంటాడు. అన్నప్పుడల్లా పెళ్ళాం కంచం కాస్త గట్టిగా పెడుతుంది.

అసూయకి మందుంటే ముందు తనే ఓ మోతాదు వేసుకునేవాడు. లేదు కాబట్టే ఈ కేసు ఒప్పుకున్నాడు. కేసు అప్పజెప్పింది రచయిత అక్కగారు, అంటే కత్తెరకి వదిన. ఆడపడుచు అయ్యుండి మరదలికి ఆసుపత్రిలో సేవ చేస్తూ, ఇటు తమ్ముడి కోసం డిటెక్టివ్‌ని పెట్టిన మనిషి. ఫీల్డులో అందరికీ ఆవిడ వదినగారే. "మా వాడు ఏడుస్తాడు గానీ చెయ్యెత్తడు నాయనా" అని ఒక్కటే మాట చెప్పింది.

ఆ పొద్దున లాకప్పులో రచయితని కలిసినప్పుడు డిటెక్టివ్ తిన్నగా అదే అడిగాడు, పెళ్ళాం మీద ఏడుపుందా అని.

"ఉంది సార్. లేదంటే కళ్ళు పోతాయి" అన్నాడు రచయిత.

దాచుకోకుండా చెప్పుకొచ్చాడు. కత్తెర కామెడీ కోస్తే జనం పడీ పడీ నవ్వుతారు. దెయ్యం సినిమా కోస్తే కుర్చీ వదలరు. ప్రేమకథలు చేసింది, కొట్లాట సినిమాలు చేసింది, యుద్ధం మీద డాక్యుమెంటరీ చేసింది. ఏ రకం సినిమా అయినా ఆవిడ చేతిలో ఒదిగిపోతుంది. తను మాత్రం ఇరవై ఏళ్ళుగా ఒక్క రకమే రాస్తున్నాడు, అదీ ఎవరూ తియ్యని రకం. అడపాదడపా ఎవరైనా తీసినా, నిడివి ఎక్కువైందని తన డైలాగుల్ని కోసేసేది మళ్ళీ పెళ్ళామే. ఆ కోత చూడలేక ఆవిడ గది గుమ్మం తొక్కడం కూడా మానేశాడు. "అలా ఏడ్చిన ప్రతివాడూ తోసేస్తే, మా ఫీల్డులో ఒక్కడికీ కాళ్ళు మిగలవు సార్" అన్నాడు చివర్న.

డిటెక్టివ్ తన ఫోనులో ఉన్న కాపీ వినిపించాడు. బావమరిది గొప్పకి పోయి పంపిన కాపీ అది. రచయితకి సంగతి చెప్పారే గానీ మాటలు వినిపించడం అదే మొదటిసారి. విన్నాడు. ఇంకోసారి పెట్టమన్నాడు. మొహంలో భయం పోయి ఇంకేదో వచ్చింది.

"రెండో ముక్క నాది సార్."

"నీది అంటే?"

"బిందెలతో తోడినా తరగదు... ఆ డైలాగు నేను రాసింది. ఎప్పుడో ఓ కామెడీ సినిమాకి. హీరోయిన్ పిన్ని చెప్పాలి. సీనంతా ఎత్తేశారు. తెర మీదికి రాలేదు, ఎవరూ విన్లేదు. ఇదిగో, ఇప్పుడు వింటున్నా."

ఉరుము ఉరిమి మంగలం మీద పడ్డట్టు నేరం నెత్తిన పడ్డా, ఆ మనిషికి తన డైలాగు మొత్తానికి ఎక్కడో పలికిందన్న సంబరం దాగలేదు. డిటెక్టివ్‌కి నవ్వొచ్చింది, ఆ వెంటనే ఆగిపోయింది. ఎప్పుడో రాసి ఎత్తేసిన మాట, నిన్నగాక మొన్న ఆవిడ ఫోనులోకి ఎలా వచ్చింది?

పక్కగదిలోనే బావమరిది ఉన్నాడు. తలుపు తట్టి ఈ ఒక్క ముక్క చెబితే సరిపోయేది. డిటెక్టివ్ చెప్పలేదు. ఎవరితోనూ అనొద్దని రచయితకి కూడా చెప్పాడు. పూర్తిగా తేలనీ, తేలాక చెబుదాం అని మనసుకి సర్దిచెప్పుకున్నాడు. నిజం అది కాదు. నలుగురి ముందు ఆ మాట బయటపెట్టినప్పుడు వాడి మొహం ఎలా మాడుతుందో చూడాలని ఉంది. పన్నెండున్నరకి ఎడిటింగ్ గదికి రా, ఒక తమాషా చూపిస్తానని కబురు మాత్రం పెట్టి బయటపడ్డాడు.

ఎడిటింగ్ గదిలో చిన్న కత్తెర ఉంది. పదకొండేళ్ళుగా కత్తెర పక్క కుర్చీలో కూర్చుంటున్న అసిస్టెంటు. అక్కా అక్కా అంటూ వెనకే తిరుగుతుంది కాబట్టి ఆ పేరు. కళ్ళు వాచి ఉన్నాయి. ఇప్పుడే ఆసుపత్రి నుంచి వచ్చానంది. గొట్టంలో పోసే పాలు తనే కాచి ఫ్లాస్కులో పోసి రోజూ వదినగారికి ఇచ్చి వస్తుందట. ఒంటిగంటకి పోస్తారట. పొద్దున అక్క వేళ్ళు కదిపిందని, ఇవాళో రేపో తెలివి రావచ్చని డాక్టరు అన్నాడని చెప్పి కళ్ళు తుడుచుకుంది. ఆ అమ్మాయిని చూస్తే ఎవరికైనా జాలేస్తుంది. డిటెక్టివ్‌కీ వేసింది.

గది చిన్నది. రెండు కుర్చీలు, మూడు తెరలు, గోడకి మెత్తలు. బయట చప్పుడు లోపలికి రాదు, లోపలిది బయటికి పోదు. టేబులు చివర రెండు ఫోన్లు ఛార్జింగులో ఉన్నాయి. చెత్తబుట్టకి ఆ పొద్దున తొడిగిన కొత్త కవరు, అందులో రెండు ఖాళీ మాత్రల అట్టలు. ఇవేమిటని అడిగితే, అక్కవి, ఆవిడకి నిద్ర పట్టదు అంది.

వెనక తలుపు తీసుకుని మెట్ల మీదికి వెళ్ళాడు. నిటారుగా ఉన్నాయి గానీ కమ్మీ గట్టిగానే ఉంది. కాలు జారిన మనిషి పట్టుకోడానికి అడుగడుగునా ఆసరా ఉంది. పడిన రోజు పోలీసులకి కింద మెట్టు దగ్గర కత్తెర కళ్ళజోడు దొరికింది, దాని సంగతి అడిగాడు.

"తెర చూసేటప్పుడు పెట్టుకునేది సార్. దాంతో దూరం కనిపించదు. లేచేటప్పుడు టేబులు మీద పెట్టి గానీ లేవదు అక్క."

"మరి ఆ రోజు పెట్టుకునే లేచినట్టుందే?"

ఎవరైనా కోపంగా పిలిచారేమో, కంగారులో లేచిందేమో అంది చిన్న కత్తెర. గోడ గడియారం వైపు చూసింది. ఎవరు పిలిస్తే అంత కంగారుగా లేస్తుందని అడగలేదు డిటెక్టివ్. మొగుడు ఆ గుమ్మం తొక్కడు. ఇంకెవరున్నారు? మాట మార్చి, ఇప్పుడు చేస్తున్న సినిమా ఓ ముక్క చూపించమన్నాడు.

చూపించింది. తెర మీద బానపొట్ట విలన్ ఒకడు మీసం తిప్పుతూ హీరోని బెదిరిస్తున్నాడు. వాడి నోట్లోంచి ఆడగొంతు వచ్చింది. సన్నటి, తీరికైన ఆడగొంతు. "నరికి పోగులు పెడతా" అంటోంది. డిటెక్టివ్‌కి నవ్వాగలేదు. అది కత్తెర గొంతు.

నటులు వచ్చి డబ్బింగ్ చెప్పేదాకా ఖాళీ ఉండకూడదని, ఏ డైలాగు ఎంతసేపు పడుతుందో తెలియాలని, ఎడిటరే అందరి మాటలూ తన గొంతుతో చెప్పి పెట్టుకుంటుందట. తాతకి తనే, పసిపిల్లకి తనే, దెయ్యానికి తనే. గదిలో దాన్ని అరువు గొంతు అంటారట. డబ్బింగ్ అవగానే తీసేస్తారు.

"తీసేసినవి దాస్తారా?"

"ఎందుకు సార్? అక్కకి తన గొంతంటే సిగ్గు. ఆ రోజుకారోజే తుడిపించేస్తుంది."

"తుడిచేది ఎవరు?"

"నేనే" అంది. అంది గానీ, ఆ మాట నోరు దాటాక వెనక్కి తీసుకోవాలన్నట్టు పెదవి కొరుక్కుంది.

పోలీసులకి దొరికిన మాటలు విన్నావా అని అడిగాడు. విన్లేదంది. ఆ మెట్ల సంగతి తల్చుకుంటేనే నిద్ర పట్టడం లేదు, ఇక అవి కూడా వింటే బతకలేనంది. మళ్ళీ గడియారం చూసింది. డిటెక్టివ్ దాన్ని బెదురు కింద లెక్కేసుకుని లోలోపల మురిసిపోయాడు.

అప్పుడే బూట్లు టకటకలాడించుకుంటూ బావమరిది వచ్చాడు. వస్తూనే కత్తెర కుర్చీలో కూర్చున్నాడు. ఖాళీ కుర్చీ కనిపిస్తే కూర్చోవడం వాడికి అలవాటేనని డిటెక్టివ్ మనసులో అనుకున్నాడు. పైకి అన్నాడేమో కూడా, ఎందుకంటే వాడి మొహం ఎర్రబడింది.

"తమాషా అన్నావు. ఏదీ?" అన్నాడు. "కోర్టుకి టైమవుతోంది బావా. మొగుడికి కుళ్ళు, ఫోనులో పెళ్ళాం గొంతు. ఇంకేం కావాలి? కుళ్ళు ఎంత పని చేయిస్తుందో నీకు వేరే చెప్పాలా?"

"నాకెందుకు తెలుస్తుంది?"

"నా ప్రమోషన్ అప్పుడు మన పెద్దాఫీసరు నిన్నడిగితే 'ఇంకో రెండేళ్ళు ఆగనివ్వండి' అన్నది ఎవరు? మా అక్క బాధపడుతుందని ఇన్నాళ్ళూ అడగలేదు."

వీడికి తెలుసా ఆ సంగతి? డిటెక్టివ్ చూపు తెర మీదికి తిప్పుకున్నాడు. చిన్న కత్తెర ఉన్నట్టుండి తలెత్తి ఆయన వైపు తేరిపార చూసింది. ఆ చూపులో జాలి లేదు, బెదురు లేదు. డిటెక్టివ్ అది గమనించలేదు. పరువు దక్కించుకునే తొందరలో ఉన్నాడు.

"ఆ మాటలు ఒకసారి పెట్టు" అన్నాడు బావమరిదితో.

వాడు పెట్టాడు. కత్తెర గొంతు మెత్తల గదిలో నిదానంగా పలికింది. ఏమైనా అయితే, బిందెలు, మెట్లు.

"దీన్ని సౌండు తెలిసిన మనిషికి వినిపించాను" అని డిటెక్టివ్ నిక్కచ్చిగా అబద్ధమాడాడు. "అతుకులట. అదీ నాసిరకం అతుకులు. పని రానివాడెవడో కూర్చుని అంటించాడు, ఎక్కడ అంటించాడో గుడ్డివాడికి కూడా కనిపిస్తోంది, మా ఆఫీసులో టీ ఇచ్చేవాడు కూడా ఇంతకన్నా బాగా చేస్తాడు అన్నాడు."

"ఎవరండీ ఆయన?" అంది చిన్న కత్తెర.

"ఎవరైతేనేం? చెత్త పని అన్నాడు."

"ఎక్కడుంది అతుకు? చూపించమనండి." ఆ అమ్మాయి లేచి నిలబడింది. వాచిన కళ్ళు ఇప్పుడు చురచురలాడుతున్నాయి. "ఎప్పుడెప్పుడో మూడు సినిమాలకి చెప్పిన మాటలు. ఒకటి ఏడుపు సినిమా, ఒకటి కామెడీ, ఒకటి దెయ్యం సినిమా. మూడింటికీ మూడు రకాల గొంతు. ఒక గదిలో కూర్చుని ఒక్క ఊపిరిలో చెప్పినట్టు లేదూ? ల్యాబువాళ్ళకి దొరికిందా? టీ ఇచ్చేవాడు చేస్తాడా ఇది?"

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకోవడం డిటెక్టివ్ చాలాసార్లు చూశాడు. ఆ గుమ్మడికాయ నేనే కోశాను, ఎంత బాగా కోశానో చూడండి అనడం మాత్రం ఇదే మొదలు.

"మూడు సినిమాలని నేను అనలేదమ్మా" అన్నాడు మెల్లగా. "అతుకులనే అన్నాను."

బావమరిది నోరు తెరుచుకుని ఉండిపోయాడు. ఆ మొహం చూడ్డానికే డిటెక్టివ్ పొద్దుట్నుంచి కాచుకున్నాడు. తీరా చూస్తే అనుకున్నంత రుచిగా లేదు.

చిన్న కత్తెర కూర్చుంది. ఏడవలేదు. బరువు దించుకున్నదానిలా తీరిగ్గా కూర్చుంది.

"ఓ ప్రేమకథ వచ్చింది సార్. నిర్మాత నా పేరే అడిగాడు. నా ఒక్కదాని పేరు. అక్కని ఆయన ఓ మాట అడిగితే ఏమందో తెలుసా? 'ఇంకో రెండేళ్ళు ఆగనివ్వండి' అంది." ఆ అమ్మాయి డిటెక్టివ్ వైపు చూసింది. "మీరు అన్నారు చూడండి, అచ్చం అదే మాట. మీ అందరికీ ఒకే డైలాగు ఎవరు రాసిస్తారు?"

జవాబు కోసం చూడకుండా చెప్పుకుపోయింది.

"ఆ కామెడీలో జనం నవ్వే చోటు కోసింది నేను. దెయ్యం సినిమాలో తలుపు తెరుచుకునే ముందు కాసేపు ఏ చప్పుడూ ఉండదు చూడండి, అది నేను పెట్టింది. అక్క ఏ రకం సినిమా అయినా చేస్తుందని పేరు. రకానికో చెయ్యి కావాలి కదా, ఆ రెండో చెయ్యి ఎవరిది? నా చెయ్యి చూస్తే ఆవిడకి కుళ్ళు. నాకూ కుళ్ళే, లేదనను. మెట్ల మీదికి రమ్మని నిలదీశాను. 'నీ మంచికే' అంది. చెయ్యి పట్టుకోబోయింది. విదిలించాను."

"ఆ తర్వాత?" అన్నాడు బావమరిది.

"తర్వాత ఏముంది? కమ్మీ పట్టుకుంది. ఆ వేళ్ళు కూడా నేనే విడదీశాను." ఇంకా ఏమేమో చెప్పింది, ఎవరూ అడక్కుండానే. అరువు గొంతులు మొదట్నుంచీ దాచుకున్నదట. కత్తెర ఫోను తెరిచే గుర్తు తనకి తెలుసునట. ఎలా అతికిందో, ఎక్కడ ఊపిరి వదిలిందో, పాఠం చెప్పినట్టు చెప్పుకొచ్చింది. బావమరిది పుస్తకం తీసి రాసుకుంటున్నాడు. డిటెక్టివ్ వింటున్నాడు. ఇద్దరూ నోరెళ్ళబెట్టి బుద్ధిగా వింటున్నారు.

అప్పుడు ఆ అమ్మాయి మూడోసారి గడియారం చూసింది.

ఈసారి డిటెక్టివ్ ఆ చూపుని పట్టుకున్నాడు. అది బెదురు కాదు. ఒక షాటు ఇంకా ఎంతసేపు నిలబెట్టాలో లెక్క చూసుకునే చూపు. అంతా ఒప్పేసుకున్న మనిషికి బెదురెందుకు లేదు? ఎవరూ అడక్కుండానే ఇంతసేపు ఎందుకు చెబుతోంది? తను ఆవిణ్ణి కూర్చోబెట్టి మాట్లాడిస్తున్నాననుకున్నాడు. కూర్చోబెట్టింది ఆవిడే, తమ ఇద్దర్నీ.

గడియారంలో ఒంటిగంటకి పది నిమిషాలుంది.

ఒంటిగంటకి పాలు. ఆయన చూపు చెత్తబుట్ట మీద పడింది. కొత్త కవరు, రెండు ఖాళీ అట్టలు. అక్కవట. అక్క వారం రోజులుగా ఆసుపత్రిలో ఉంది. ఇవాళ తొడిగిన కవరులోకి ఆవిడ మాత్రల అట్టలు ఎలా వస్తాయి? తలకి దెబ్బ తగిలిన మనిషి, తెలివొస్తే పేరు చెప్పే మనిషి, మధ్యాహ్నం పాలు తాగి నిద్రలోనే పోతే ఎవరు అనుమానపడతారు?

"ఫ్లాస్కులో ఏం కలిపావు?" అన్నాడు. తన గొంతు తనకే కొత్తగా వినిపించింది.

జవాబు కోసం ఆగకుండా డిటెక్టివ్ వదినగారి నంబరు నొక్కాడు. టేబులు చివర ఛార్జింగులో ఉన్న రెండు ఫోన్లలో ఒకటి మోగింది.

"బ్యాటరీ అయిపోయిందంటే ఛార్జింగ్ పెట్టి తెస్తానన్నాను" అంది చిన్న కత్తెర. "పాపం, ఎంత మంచిదో వదిన."

బావమరిది అప్పటికే ఆసుపత్రి నంబరు నొక్కుతున్నాడు. లైను బిజీ. మళ్ళీ నొక్కాడు. నొక్కుతూనే, తలెత్తకుండా అడిగాడు.

"అతుకులని నీకు ఎప్పట్నుంచి తెలుసు బావా?"

అబద్ధం చెప్పడానికి నోరు తిరగలేదు. "పొద్దుట్నుంచి. నువ్వు పక్కగదిలోనే ఉన్నావు."

"అప్పుడే చెప్పుంటే ఈవిణ్ణి ఇవాళ ఆసుపత్రి గుమ్మం ఎక్కనిచ్చేవాణ్ణా?"

డిటెక్టివ్ తల దించుకున్నాడు. ఇరవై ఏళ్ళలో వాడి ముందు తల దించడం అదే మొదటిసారి. లైను కలిసింది. స్పీకరు పెట్టాడు బావమరిది. ఎడిటరుగారి గురించి అని వాడు అంటుండగానే అటు నర్సు గొంతు ఉత్సాహంగా పలికింది. మిగతా మాట వినేదాకా కూడా ఆగలేదు.

"మీకే చేద్దామనుకుంటున్నామండీ, శుభవార్త! అమ్మగారికి తెలివొచ్చింది. గొట్టం కూడా తీసేశారు. ఆకలవుతోందని తనే అడిగారు. ఒంటిగంట దాకా ఎందుకని వదినగారు ఇప్పుడే ఫ్లాస్కు మూత తీస్తున్నారు. ఉంటానండీ, నేను పట్టుకోవాలి."

బావమరిది ఆగమని అరిచాడు. నర్సు అప్పటికే ఫోను పెట్టేసింది.